గండిపేట నీళ్ళ తగవు

పిల్లలూ, "గండిపేట నీళ్ళు తాగినవాడు హైదరాబాదు విడిచిపోలేడు" అని మా పట్నంలో ఒక పాత మాట ఉన్నది. నాలుగు రోజులు ఉండి పోదామని ఉద్యోగానికో, చదువుకో వచ్చినవాళ్ళు చివరకు ఇక్కడే ఇల్లు కట్టుకుని స్థిరపడిపోతుంటే, పెద్దలు నవ్వుతూ ఈ మాట అనేవారు. నేనుండే విద్యానగరులో ఇటువంటివాళ్ళు ప్రతి వీధిలోనూ కనిపిస్తారు. ఒక పక్క ఉస్మానియా విశ్వవిద్యాలయం. అది దాటితే తార్నాక, హబ్సిగూడ, అక్కడ పెద్ద పెద్ద పరిశోధనాలయాలు. ఇన్ని ఉన్నచోటికి వచ్చినవాళ్ళు తిరిగి ఎందుకు వెళతారు? అయినా తప్పంతా నీళ్ళ మీదికి నెట్టటం మనవాళ్ళకు సరదా.

ఈ గండిపేట నీళ్ళను గురించి సుమారు ముప్పై ఏళ్ళుగా ఒక తగవు నడుస్తూ వచ్చింది. అందులో ప్రభుత్వాలు మాట్లాడాయి, కోర్టులు మాట్లాడాయి. రైతులు, శాస్త్రజ్ఞులు, ఇళ్ళస్థలాలు అమ్మేవాళ్ళు, అందరూ మాట్లాడారు. మిమ్మల్ని మాత్రం ఎవరూ అడగలేదు. ఇంకో యాభై ఏళ్ళ తరువాత ఆ నీళ్ళు తాగవలసింది మీరే గదా! అందుచేత ఆ తగవు సంగతేమిటో చెబుతాను, వినండి.

ముందు ఆ చెరువు ఎందుకు వచ్చిందో తెలియాలి.

అనంతగిరి కొండల్లో పుట్టిన మూసీనది హైదరాబాదు నడిబొడ్డున పారుతుంది. వేసవిలో చూస్తే, ఇదీ ఒక నదేనా అనిపిస్తుంది. కాని 1908 సెప్టెంబరు 28న ఆ నది ఊరిని ముంచేసింది. పైనున్న ఊళ్ళలో ఎడతెగకుండా వాన కురిసి, రెండు వందలకు పైగా చెరువులు ఒకదాని తరువాత ఒకటి తెగిపోయాయి. ఆ నీరంతా ఒక్కసారిగా పట్నం మీదికి వచ్చింది. వంతెనలు మునిగాయి, ఇళ్ళు వేలకు వేలు కూలిపోయాయి. సుమారు పదిహేను వేలమంది చనిపోయారని చెబుతారు. ఉర్దూ కవి అంజద్ హైదరాబాదీ తన తల్లినీ, భార్యనూ, కూతురినీ ఆ వరదలోనే పోగొట్టుకున్నాడు. అఫ్జల్‌గంజ్ దగ్గర మాత్రం ఒక చింతచెట్టు నూటయాభైమందిని కాపాడింది. వాళ్ళు కొమ్మలు పట్టుకుని రాత్రీ పగలూ దానిమీదనే ఉన్నారట. ఆ చెట్టు ఉస్మానియా ఆస్పత్రి ఆవరణలో ఉన్నది. అటు వెళ్ళినప్పుడు మీ నాన్నగారిని అడిగి చూసిరండి.

మరుసటి సంవత్సరం నిజాం ప్రభుత్వం మోక్షగుండం విశ్వేశ్వరయ్యగారిని పిలిపించింది. ఆయన నది ఒడ్డున గోడలు కట్టి ఊరుకుందామనలేదు. వాన ఎక్కడ పడుతున్నదో, ఆ నీరు ఎంతసేపట్లో ఊరికి చేరుతున్నదో లెక్కకట్టాడు. ఊరికి ఎగువనే రెండు పెద్ద జలాశయాలు కట్టి వరదను అక్కడ పట్టి ఉంచాలనీ, తరువాత కొంచెం కొంచెంగా వదలాలనీ చెప్పాడు. ఆ ప్రకారమే మూసీ మీద గండిపేట దగ్గర ఉస్మాన్‌సాగర్ 1920లో పూర్తయింది. మూసీలో కలిసే ఈసా నది మీద హిమాయత్‌సాగర్ 1927లో పూర్తయింది. మొదటిదానికి ఏడవ నిజాం పేరు, రెండవదానికి ఆయన పెద్ద కుమారుడి పేరు పెట్టారు.

ఇక్కడ ఒక సంగతి బాగా గుర్తుపెట్టుకోండి. ఈ చెరువులను కట్టటానికి మొదటి కారణం వరద. తాగే నీళ్ళు దానితోపాటు వచ్చిన లాభం. ఆ లాభం చిన్నదేమీ కాదు. గండిపేట పట్నం కంటే ఎత్తున ఉన్నది గనుక నీరు తనంతట తానే కాలువ వెంట ఆసిఫ్‌నగర్ దాకా పారివచ్చి, అక్కడ ఇసుక గుండా వడపోతకు చేరేది. పంపు లేదు, కరెంటు లేదు. పల్లానికి పారటం నీటికి పుట్టుకతో వచ్చిన విద్య!

చెరువును చూసినప్పుడు మనకు గట్టూ నీరూ కనిపిస్తాయి. అసలు చెరువు అంతకన్నా చాలా పెద్దది. గొడుగును తిరగేసి వానలో పెట్టండి. నీరు నడిమి గుంటలో నిలుస్తుంది. కాని ఆ నీటిని పోగుచేసింది గొడుగు గుడ్డ అంతా. చెరువుకు కూడా అటువంటి గుడ్డ ఒకటి ఉన్నది. చుట్టూ ఎన్నో మైళ్ళ దాకా ఉన్న పొలాలు, బీళ్ళు, గుట్టలు, వాగులు. ఎక్కడ పడిన చినుకు చివరకు ఈ చెరువులోకే చేరుతుందో ఆ నేలంతటినీ దాని పరీవాహక ప్రాంతం అంటారు. గుడ్డకు చిల్లి పడితే గుంటలోకి నీరు రాదు. గుడ్డమీద సిరా ఒలికితే గుంటలోకి సిరా వస్తుంది. తగవంతా ఈ గుడ్డను గురించే.

పట్నం పెరిగింది. 1990 తరువాత చెరువుల చుట్టూ ఫ్యాక్టరీలూ, హోటళ్ళూ, కాలనీలూ రాబోతున్నాయని తెలిసి, ప్రభుత్వం 1996 మార్చి 8న ఒక ఉత్తర్వు జారీ చేసింది. దాని సంఖ్య 111. ఈ అంకె మా పట్నంలో ఎంత ప్రసిద్ధమంటే, బడికి పోనివాళ్ళు కూడా "నూటపదకొండు జీవో" అంటారు. రెండు చెరువుల పూర్తి నీటిమట్టం నుంచి 10 కిలోమీటర్ల లోపల నీటిని పాడుచేసే పరిశ్రమలు, పెద్ద హోటళ్ళు, నివాస కాలనీలు కట్టకూడదని ఆ ఉత్తర్వు సారాంశం. 84 గ్రామాలు దాని కిందికి వచ్చాయి. భూమి లెక్కన చూస్తే సుమారు 1,32,000 ఎకరాలు. అందులో చాలామటుకు సాగుబడికీ, పచ్చదనానికీ ఉంచాలన్నారు.

ఉత్తర్వు కాగితం మీద ఉన్నది. దాని బలమెంతో తేలటానికి ఒక తగవు రావాలి గదా! అది వచ్చింది.

సురానా ఆయిల్స్ అండ్ డెరివేటివ్స్ అనే కంపెనీ 1995లో శంషాబాదు మండలంలోని పెద్దషాపూర్‌లో భూమి కొన్నది. అక్కడ ఆముదం నుంచి రకరకాల సరుకులు తయారుచేయాలని వాళ్ళ ఉద్దేశం. ఇందులో చెడ్డ ఏమున్నది? మహబూబ్‌నగర్, నల్లగొండ జిల్లాల మెట్టభూముల్లో ఆముదాలు బాగా పండుతాయి. ఫ్యాక్టరీ వస్తే రైతుకు ధర వస్తుంది, పదిమందికి పని దొరుకుతుంది. కంపెనీవాళ్ళేమీ రాక్షసులు కారు. ఇది మీరు మరిచిపోకూడదు. తగవు అనగానే ఒక వైపు దేవతలనూ, ఇంకొక వైపు రాక్షసులనూ నిలబెట్టి కథ చెప్పటం తేలిక. కాని అటువంటి కథలో నేర్చుకోవలసింది ఏమీ మిగలదు.

చిక్కు ఎక్కడున్నదంటే, ఆముదాన్ని గట్టిపరచటానికి దానిలోకి హైడ్రోజన్ వాయువును పంపాలి. నూనెనుంచి డాల్డా చేసేది కూడా ఇదే పద్ధతి. ఊరికే పంపితే వాయువు నూనెతో కలవదు. నికెల్ అనే లోహపు పొడి నడుమ ఉంటే కలుస్తుంది. పెళ్ళిళ్ళ పేరయ్య లాగా నికెల్ ఇద్దరినీ కలిపి తాను పక్కకు తప్పుకుంటుంది. కొంతకాలానికి దాని శక్తి తగ్గిపోతుంది. అప్పుడు దానిని తీసి పారవేయాలి. పారవేయటం ఎక్కడ? వాడేసిన నికెల్ పొడి నీటిలో చేరితే దానిని వేరుచేయటం కష్టం. ఇంట్లో కాచి వడపోసినంత మాత్రాన లోహం పోదు.

కాలుష్య నియంత్రణ మండలి 1997లో ఫ్యాక్టరీకి అనుమతి నిరాకరించింది. తమాషా ఏమంటే, అదే సంవత్సరం ప్రభుత్వం తన ఉత్తర్వునుంచి ఈ కంపెనీకి మినహాయింపు ఇచ్చింది! ఒక చేత్తో గేటు వేసి, రెండో చేత్తో చిన్న తలుపు తెరవటం అన్నమాట. కంపెనీ అప్పీలు చేసుకుని గెలిచింది. 1998లో హైకోర్టు కూడా అనుమతి ఇవ్వవలసిందేనన్నది. మండలి సుప్రీంకోర్టుకు వెళ్ళింది.

కంపెనీ వాదం ఇది: "మేము మంచి యంత్రాలు పెడతాము. ఒక్క చుక్క కూడా బయటికి పోదు. పోతుందని అనేవాళ్ళు రుజువు చూపించండి." వినటానికి న్యాయంగానే ఉన్నది గదా? మన బడిలో కూడా, "వీడు నా పెన్సిలు తీశాడు" అన్నవాడినే రుజువు చూపించమంటాము. నేను ముప్పై ఏళ్ళు అట్లాగే పంచాయితీలు తీర్చాను.

అయితే పెన్సిలుకూ చెరువుకూ ఒక భేదం ఉన్నది. పెన్సిలు పోయిన తరువాత రుజువు దొరికితే, పెన్సిలు తిరిగి ఇప్పించవచ్చు. చెరువు పాడైన తరువాత రుజువు దొరికితే? ఆ రుజువే విషమైన నీరు! చేతులు కాలాక ఆకులు పట్టుకుని ఏం ప్రయోజనం?

1999 జనవరి 27న సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. దానిని రాసినది జస్టిస్ ఎం. జగన్నాధరావుగారు, మన తెలుగువాడే. ఆ తీర్పులో ఆయన ముందుజాగ్రత్త సూత్రాన్ని వివరించారు. 1992లో బ్రెజిల్ దేశపు రియో నగరంలో ప్రపంచ దేశాలన్నీ కూడి ఒప్పుకున్న సూత్రం అది. తిరిగి సరిచేయలేని హాని జరగవచ్చునని భయమున్నప్పుడు, శాస్త్రం ఇంకా పూర్తిగా తేల్చలేదనే సాకుతో చేతులు ముడుచుకు కూర్చోకూడదు. తమిళనాడులో తోళ్ళు శుద్ధిచేసే కార్ఖానాల కేసులో సుప్రీంకోర్టు 1996లోనే దీనిని మన దేశపు చట్టంలో భాగమన్నది. దానినుంచే ఇంకొక నియమం పుడుతుంది: ఉన్న స్థితిని మార్చదలచినవాడే, తన పని వల్ల హాని లేదని చూపించాలి. ఫిర్యాదు చేసేవాడు కాదు. అంటే రుజువు మూట ఒకరి నెత్తి మీద నుంచి ఇంకొకరి నెత్తి మీదికి మారిందన్నమాట.

జగన్నాధరావుగారు ఇంకొక మంచిపని చేశారు. ఇటువంటి కేసుల్లో శాస్త్రం ఎంతో ఉన్నదనీ, జడ్జీల పక్కన శాస్త్రజ్ఞులు కూడా కూర్చునే కోర్టులు కావాలనీ చెప్పారు. తాను తెలియనిది తెలియదని పెద్ద కుర్చీలో కూర్చుని చెప్పటం ఎంత కష్టమో మీకు పెద్దయ్యాక తెలుస్తుంది. 2003లో ఆయన లా కమిషన్ అధ్యక్షుడుగా ఉన్నప్పుడు దీనినే నివేదికగా రాసి ఇచ్చారు. 2010లో ఏర్పడిన జాతీయ హరిత ట్రిబ్యునల్‌లో ఈనాడు న్యాయమూర్తులతో పాటు నిపుణులు కూడా సభ్యులే.

కేసులో నీరు ఎటు పారుతుందో చూడమని ఎవరిని అడిగారో తెలుసునా? మా తార్నాక పక్కనే, హబ్సిగూడ దగ్గర ఉన్న జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థను. 1961లో స్థాపించిన ఈ సంస్థ పని భూమి కడుపులోని సంగతులు కనిపెట్టటం. మన నేల అడుగున ఉన్నది నల్లసేనపు, ఎర్రసేనపు రాయి. ఉస్మానియా ఆర్ట్స్ కాలేజీ భవనం కట్టినది కూడా మన గ్రానైటు రాతితోనే. చూస్తే ఎంతో గట్టిది, నీరు దూరదనుకుంటాము. కాని అడుగున దానికి పగుళ్ళు ఉంటాయి. నీరు ఆ పగుళ్ళ వెంట దారి చేసుకుని, ఎక్కడో పడినది ఇంకెక్కడో బావిలో తేలుతుంది.

కావాలంటే మీరే చూడండి. ఒక గాజు గ్లాసులో అడుగున గులకరాళ్ళు, పైన ఇసుక నింపండి. మెల్లగా నీరు పోసి తడపండి. ఒక పక్కన అంచు దగ్గర నాలుగు చుక్కలు నీలం సిరా వేసి, ఆ పక్కనే ఇంకొంచెం నీరు పోస్తూ ఉండండి. సిరా నేరుగా కిందికి దిగి ఊరుకుంటుందా, అడుగున రాళ్ళ సందుల్లో అవతలి పక్కకు కూడా పాకుతుందా? ఎంతసేపట్లో? నోటుబుక్కులో బొమ్మ వేసి పెట్టుకోండి.

శాస్త్రజ్ఞుల నివేదికలు చూసిన మీదట, 2000 డిసెంబరు 1న సుప్రీంకోర్టు చివరి తీర్పు చెప్పింది. ఫ్యాక్టరీ అక్కడ వద్దన్నది. ప్రభుత్వమిచ్చిన మినహాయింపు కూడా చెల్లదన్నది.

కథ ఇక్కడితో అయిపోయిందని చెప్పి, మీ చేత చప్పట్లు కొట్టించవచ్చు. మా వీధి పిల్లలకు నేను ఈ కథ చెప్పినప్పుడు అందరూ అట్లాగే సంతోషించారు, ఒక్కడు తప్ప. ఎనిమిదవ తరగతి కుర్రవాడు. వాళ్ళ అమ్మమ్మగారి ఊరు మొయినాబాదు పక్క, ఆ 84 గ్రామాల్లో ఒకటి.

"సార్, మా తాతకు మూడెకరాలుంది. చిన్నమ్మ పెళ్ళికి అర ఎకరం అమ్ముదామంటే, అవతలి ఊళ్ళో ఉన్న ధరలో సగం కూడా రాలేదు. ఎందుకంటే అవతలి ఊరు గీతకు బయట, మా ఊరు లోపల. పట్నంవాళ్ళు తాగే నీళ్ళకు మా తాత ఎందుకు నష్టపోవాలె?" అన్నాడు.

పిల్లలంతా నావైపు చూశారు. నేను వెంటనే జవాబు చెప్పలేదు. అది మామూలు ప్రశ్న కాదు. ఆ గ్రామాలవాళ్ళు ఏళ్ళ తరబడి అడుగుతూ వచ్చిన ప్రశ్న అదే. ఎన్నికలు వచ్చినప్పుడల్లా నాయకులు ఆ ఊళ్ళకు వెళ్ళి, ఉత్తర్వు తీసివేయిస్తామని మాట ఇచ్చినది కూడా ఆ ప్రశ్నకు జవాబుగానే.

మరొకపక్క, నియమాన్ని మీరి అక్కడ తోటబంగళాలూ, కల్యాణమండపాలూ, కాలేజీలూ వచ్చాయి. వాటిలో చాలా మటుకు కలిగినవాళ్ళవి. నిబంధన అంటే అర ఎకరం అమ్ముకోవలసినవాడికి గోడ, వంద ఎకరాలు కొనగలిగినవాడికి తడిక. నన్నడిగితే, ఈ మొత్తం వ్యవహారంలో అన్నిటికన్నా అన్యాయం ఇదే.

2022 ఏప్రిల్‌లో తెలంగాణ ప్రభుత్వం 69వ సంఖ్యతో ఇంకొక ఉత్తర్వు ఇచ్చి, పాత నిషేధాలను తొలగించింది. నీటి నాణ్యత చెడకూడదనీ, మురుగునీటి శుద్ధికి ఏర్పాట్లు చేయాలనీ అందులో షరతులు పెట్టారు. 2023 మేలో మంత్రివర్గం నూటపదకొండును పూర్తిగా ఎత్తివేయాలని నిర్ణయించింది. దీనికి చెప్పిన కారణం ఏమంటే, 1996లో పట్నానికి సరఫరా అయ్యే నీటిలో నాలుగోవంతుకు పైగా ఈ రెండు చెరువులదే. ఇప్పుడు నూటికి ఒకటింపావు మాత్రమే. కృష్ణానీరు, గోదావరినీరు వచ్చాయి. ఇక ఈ చెరువులను కాపాడటానికి 84 ఊళ్ళను కట్టిపడవేయటం దేనికి?

లెక్క సరిగానే ఉన్నది. లెక్కలో ఏమేమి కలపలేదో చూద్దాము.

మొదటిది. కృష్ణానీరు నూరు కిలోమీటర్లకు పైగా దూరం నుంచి వస్తున్నది. గోదావరినీరు ఎల్లంపల్లి నుంచి, ఇంకా దూరం. ఇవి గండిపేట నీళ్ళలాగా తమంతట తామే రావు. పంపులు పెట్టి ఎత్తి ఎత్తి తేవాలి. పంపులకు కరెంటు కావాలి. మన కరెంటులో ఎక్కువ భాగం రామగుండం, కొత్తగూడెం వంటిచోట్ల బొగ్గు కాల్చి తీసేది. బొగ్గు కాలిస్తే కార్బన్ డయాక్సైడ్ గాలిలో కలుస్తుంది. హవాయి దీవుల్లో ఒక పర్వతం మీద 1958 నుంచి ఈ వాయువును కొలుస్తున్నారు. అప్పుడు పది లక్షల పాళ్ళ గాలిలో ఇది సుమారు 315 పాళ్ళు. ఇప్పుడు 420 దాటింది. ఈ వాయువు భూమికి దుప్పటి లాంటిది. దుప్పటి మందమైన కొద్దీ వేడి పెరుగుతుంది.

రెండవది, నేను ఇందాక గుర్తుపెట్టుకోమన్న సంగతి. చెరువులు కట్టినది మొదట తాగటానికి కాదు, వరదకు. గాలి వేడెక్కితే ఎక్కువ ఆవిరిని పట్టుకుంటుంది. ఒక డిగ్రీ పెరిగితే సుమారు నూటికి ఏడుపాళ్ళు ఎక్కువ. మోసుకున్నది ఎప్పుడో దించాలి గదా! అందుచేత కురిసినప్పుడు కుండపోతగా కురుస్తుంది. 2020 అక్టోబరులో హైదరాబాదులో ఒక్కరోజులో సుమారు 19 సెంటీమీటర్ల వాన పడి, కాలనీలు మునిగిపోయాయి. 2025 సెప్టెంబరు చివర ఈ జలాశయాల గేట్లు ఎత్తగా మూసీ పొంగి, మహాత్మాగాంధీ బస్‌స్టేషన్‌లోకి నీరు వచ్చింది. బస్సుల కోసం వచ్చిన ప్రయాణికులు రాత్రిపూట నీళ్ళలో చిక్కుకున్నారు. అది కూడా సెప్టెంబరు నెలే, 1908లో లాగా.

ఇప్పుడు ఇంకొక పరీక్ష చేయండి. రెండు రేకు చేటలు తీసుకోండి. ఒకదానిలో మట్టి పరిచి, దానిమీద గడ్డితో సహా పెళ్ళగించిన పచ్చిక పెట్టండి. రెండవదాన్ని ఖాళీగా వదలండి. రెండింటినీ వెనక ఇటుకలు పెట్టి ఒకేలాగా వాల్చి, ముందు గిన్నెలు ఉంచండి. ఒకేసారి చెరొక చెంబు నీరు పోయండి. ఖాళీ చేట నీరు ఒకటి, రెండు, మూడు అనేలోపల గిన్నెలో ఉంటుంది. గడ్డి చేట నీరు మెల్లగా, తక్కువగా వస్తుంది. కొంత మట్టిలోనే ఉండిపోతుంది. సిమెంటు రోడ్లూ, డాబాలూ నిండిన ఊరు ఖాళీ చేట. చెరువు పైన ఉన్న 84 ఊళ్ళు ఈనాటికీ చాలాభాగం గడ్డి చేట. ఆ చేటలోని మట్టిని తీసివేస్తే, విశ్వేశ్వరయ్యగారు వేసిన లెక్క మళ్ళీ వేయాలి.

మరి ఆ కుర్రవాడి తాత సంగతి ఏమిటి?

నేను పిల్లలకు న్యూయార్కు నగరం కథ చెప్పాను. ఆ మహానగరం తాగే నీరు నూరు మైళ్ళకు పైగా దూరాన ఉన్న కొండల నుంచి, కాలువల్లో తనంతట తాను పారి వస్తుంది. 1990 ప్రాంతంలో ఆ నీరు చెడుతుందేమోనని భయం పుట్టింది. నగరంవాళ్ళు ముందు మనలాగే నిబంధనల చిట్టా రాసి కొండల్లోని రైతుల ముందు పెట్టారు. రైతులు మండిపడ్డారు. వేరే దారి, వందల కోట్ల డాలర్లతో వడపోత కర్మాగారం కట్టటం. చివరకు 1997లో రెండు పక్షాలవాళ్ళూ కూర్చుని ఒప్పందం చేసుకున్నారు. పశువుల పేడ వాగులో కలవకుండా గుంటలు కట్టటానికి, ఇళ్ళ మురుగు తొట్లు బాగుచేయటానికి, అమ్మదలచినవారి భూమిని సరైన ధరకు కొనటానికి నగరమే డబ్బు పెట్టాలన్నారు. కర్మాగారానికి అయ్యే ఖర్చుతో పోలిస్తే అది ఎంతో చవక. నీరు కాపాడేది రైతు, తాగేది నగరం; కనుక నగరం చెల్లించాలి.

"అయితే మా తాతకు నెలకింత అని హైదరాబాదు ఇయ్యాలె" అన్నాడు కుర్రవాడు, కళ్ళు మెరిపిస్తూ.

"మా నల్లాబిల్లులో కలుపుతారా సార్?" అన్నది ఒక అమ్మాయి, కొంచెం అనుమానంగా. ఆ అమ్మాయి తండ్రి ఆటో నడుపుతాడు.

చూశారా! ఇక్కడినుంచి తగవు కొత్తగా మొదలవుతుంది. నల్లాబిల్లులో అందరికీ సమానంగా కలపాలా? ఈతకొలను ఉన్న ఇంటికీ, రెండు బిందెలు పట్టుకునే ఇంటికీ ఒకే పాలా? ఆ పిల్లలు అరగంటసేపు కొట్లాడుకున్నారు. ప్రపంచ దేశాల సభల్లో ముప్పై ఏళ్ళుగా జరుగుతున్నది సరిగా ఇదే. 1972లో స్టాక్‌హోంలో పరిసరాలను గురించి మొదటి ప్రపంచసభ జరిగినప్పుడు మన ప్రధానమంత్రి ఇందిరాగాంధీ వెళ్ళి, పేదరికాన్ని పోగొట్టకుండా పరిసరాలను కాపాడటం సాధ్యం కాదని చెప్పారు. 1992లో రియోలో, బాధ్యత అందరిదీ కాని అందరి పాలూ ఒకటి కాదని ఒప్పుకున్నారు. ఇప్పుడు సగటు అమెరికావాడు బొగ్గూ చమురూ వాడి ఏడాదికి సుమారు 14 టన్నుల కార్బన్ డయాక్సైడ్ గాలిలోకి వదిలితే, సగటు భారతీయుడు వదిలేది సుమారు 2 టన్నులు. వాన చెడి, సముద్రం పొంగి నష్టపోయిన పేదదేశాలకు సాయంగా ఒక నిధి పెట్టాలని ఒప్పుకోవటానికి 2022 దాకా పట్టింది. అందులో ఎవరెంత వేయాలో ఇంకా బేరాలే. మొయినాబాదు తాతకూ, ఈతకొలను ఇంటికీ, ఆటో నడిపే తండ్రికీ నడుమ ఉన్న లెక్కే దేశాల నడుమ కూడా ఉన్నది.

ఆ మధ్య 2025లో మన పట్నం పడమటి కొసన, కంచ గచ్చిబౌలిలో 400 ఎకరాల కోసం ఇటువంటి గొడవే లేచింది. భూమి ప్రభుత్వానిది, దానిలో పరిశ్రమలు తెచ్చి ఉద్యోగాలు కల్పిస్తామన్నది ప్రభుత్వం. అది చెట్లూ, జింకలూ, నెమళ్ళూ ఉన్న అడవేనన్నారు హైదరాబాదు కేంద్రీయ విశ్వవిద్యాలయం విద్యార్థులు. సెలవురోజుల్లో యంత్రాలు పెట్టి చెట్లు కొట్టివేయటంతో, ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు తనంతట తానే కలుగజేసుకుని పనులు ఆపించింది. ఆ విద్యార్థులు మీకన్నా ఆరేడేళ్ళు పెద్ద, అంతే. ఉద్యోగాలు అక్కరలేదని వాళ్ళు అనలేదు. వాటికి వేరేచోటు ఉన్నది, ఈ అడవికి వేరేచోటు లేదన్నారు.

మా కుర్రవాడు తరువాతి ఆదివారం ఒక నోటుబుక్కు తెచ్చాడు. వానాకాలంలో పత్రికల్లో రెండు చెరువుల నీటిమట్టం వేస్తూ ఉంటారు. ఉస్మాన్‌సాగర్ పూర్తిమట్టం 1,790 అడుగులు, హిమాయత్‌సాగర్‌ది 1,763.5 అడుగులు. వాడు మొదటి పేజీలో ఈ రెండు అంకెలూ ఎర్రసిరాతో రాసి, కింద తేదీలకు గళ్ళు గీశాడు. ఒక గడి నీటిమట్టానికి, ఒక గడి ఆ రోజు వానకు. మూడవ గడి ఎందుకు ఖాళీగా ఉన్నదని అడిగాను.

"అది మా తాత చెప్పేది రాయటానికి సార్. వాగు ఏ రోజు వచ్చిందో, నీళ్ళు ఏ రంగున్నయో ఫోనులో అడుగుతా" అన్నాడు.